మేస్త్రి కుర్చీ

గాలి తగ్గాలి, వెలుతురు పోకూడదు. ఈ రెండూ ఒక్కసారి కుదిరితేనే ఇల్లు తగలబెట్టేది. కర్ర చివర కట్టిన ఎర్ర గుడ్డపీలిక కిందికి వేలాడినప్పుడు మొదలుపెడదామని ఫైర్ ఆఫీసరు చెప్పి చాలాసేపయింది, అది మాత్రం ఎవరితోనో పోట్లాట పెట్టుకున్నట్టు అడ్డంగా కొట్టుకుంటూనే ఉంది. కెమెరామన్ చెయ్యి చాచి, వేళ్ళు అడ్డంపెట్టి, పొద్దుకీ నేలకీ మధ్య ఎంత మిగిలిందో కొలుచుకుంటున్నాడు. కొలిచిన ప్రతిసారీ ఒక వేలు మడుస్తున్నాడు. ఆ ఇంటి సెట్టు వేసిన ఆమెకు మడత కుర్చీ వేశారు. "మీరు కూర్చోండి మేడమ్, అంతా మేం చూసుకుంటాం" అన్నాడు దర్శకుడు. కుర్రవాడు, మంచివాడు, మాటలో తేనె పోసినట్టు ఉంటుంది. ఈ మధ్య అందరూ ఆమెను కూర్చోమంటున్నారు. నిచ్చెన ఎక్కబోతే కూర్చోండి, రంగు కలపబోతే కూర్చోండి. పోయిన నెలలో ఒక సహాయకుడిని ఇంకొకడి పేరుతో పిలిచింది, ఆ సాయంత్రమే ఇంకో కుర్చీ వచ్చి చేరింది. మనిషిని పక్కన పెట్టడానికి ఇంత మర్యాదైన మాట ఇంకోటి లేదు అనుకుంది. కూర్చుంది.

ఎదురుగా ఇల్లు. ముందు నుంచి చూస్తే మూడు తరాలు కాపురం చేసి వెళ్ళినట్టుంటుంది, పక్కకి నడిస్తే కర్రలు, మేకులు, అట్టలు, వెనక ఏమీ లేదు, ఒక్క కిటికీ గది మాత్రం నాలుగు గోడలతో నిలబడి ఉంది, ఎందుకంటే ఆఖరి షాటు ఆ కిటికీలోంచే. కిటికీ పక్కన కథలోని ముసలాయన కుర్చీ. ఇల్లంతా అంటుకున్నాక మంట నెమ్మదిగా ఆ కుర్చీ దగ్గరికి రావాలి, చేతుల మీదికి పాకాలి, వీపు దగ్గర ఆగినట్టు ఆగి, అప్పుడు పట్టుకోవాలి. దర్శకుడికి సినిమా అంతా అదే. గుడ్డలన్నీ కిరసనాయిలుతో తడిపారు, గ్యాసు గొట్టాలు పరిచారు, తలుపుకు తాడు కట్టారు, ఇంక లోపలికి ఎవరూ వెళ్ళకూడదు. మిగిలింది ఒక్క మాట. ఏ షాటుకైనా ముందు దర్శకుడు ఆమె వైపు తిరుగుతాడు, ఆమె "సెట్ ఓకే" అంటుంది, అప్పుడే కెమెరా తిరుగుతుంది. ఇన్నేళ్ళలో ఆ మాట కోసం ఎవరూ ఎదురుచూడలేదు, అడిగేలోపే అనేసేది. ఆమె పేరు నిలబడింది ఆ ఒక్కదాని మీదే. సినిమా ఆగితే ఎవరివల్లైనా ఆగాలి, ఆమెవల్ల మాత్రం కాదు.

చలిగాలికి కోటు జేబులో చెయ్యి పెట్టుకుంది. వేళ్ళకు సుద్దముక్క తగిలింది.

ముందు ఏమీ అనిపించలేదు. ఆమె జేబుల్లో ఎప్పుడూ సుద్దముక్కలు, మేకులు, దారం, గీకుడు కాగితం ఉంటూనే ఉంటాయి, బట్టలు ఉతికేటప్పుడు కూతురు తిట్టేది, "అమ్మా, నీ జేబులు ఖాళీ చేస్తే ఇంకో ఇల్లు కట్టొచ్చు" అని. కానీ ఈ ముక్క కొత్తది. అంచు అరగలేదు. దీంతో ఒక్క గీతైనా గీయలేదు. బొటనవేలితో మళ్ళీ తడిమింది, అంచు కత్తిలా ఉంది, అప్పుడు గుర్తొచ్చింది. కుర్చీ కింద మళ్ళీ గుర్తు పెడదామని తీసుకున్న ముక్క ఇది. పెట్టలేదు.

రెండు కుర్చీలు ఉన్నాయి. ఒకటి మేస్త్రిది, పోయిన ఆమె మొగుడిది, ఇంటినుంచి తెచ్చింది. రెండోది దాని నకలు, కాల్చడానికి చేయించింది. కథ చెప్పడానికి ఇంటికి వచ్చినప్పుడు దర్శకుడు కథ సగంలో ఆపేసి ఆ కుర్చీ చుట్టూ తిరిగాడు, మోకాళ్ళ మీద కూర్చుని మరీ చూశాడు. "మేడమ్, ఇలాంటిది ఎవరూ డిజైన్ చెయ్యలేరు, ఇదే కావాలి." ఆమె వద్దనలేదు. ఎందుకు వద్దనలేదో ఇప్పటికీ తెలియదు. ఒక సినిమా ఏదైనా అడిగితే లేదనడం ఆమెకు చేతకాదు, కర్టెన్లు ఇచ్చింది, పెళ్ళినాటి అద్దం ఇచ్చింది, ఒకసారి కూతురు పడుకునే మంచం ఇచ్చి ఆ పిల్లని నెలరోజులు నేలమీద పడుకోబెట్టింది. నకలుకు కింద సుద్దతో అడ్డగీతలు రెండు గీసి పెట్టుకుంది, ఏది నిజందో ఏది కాదో తారుమారు కాకుండా. కోపంలో ముసలాయన కుర్చీని తన్నే సీను వచ్చింది. నకలునే పెట్టారు. కుర్చీ బోర్లా పడింది, కెమెరా నేలమీద ఉంది, అడుగు భాగం తెరనిండా, తెల్లటి గీతలతో సహా. "మేడమ్, అక్కడేదో రాసుంది" అన్నాడు కెమెరామన్. ఆమే పరుగెత్తి చేతిరుమాలుతో తుడిచింది, షాటవగానే గీద్దాంలే అనుకుని కొత్త సుద్ద జేబులో వేసుకుంది. నకలుకి అంటిన దుమ్మే అసలుదానికీ అంటించింది, ఎందుకంటే ఒకదానికి ఏది జరిగితే రెండోదానికీ అది జరగాలి, ఆమె పద్ధతి అది. అంతలో కూతురు ఫోను చేసింది. ఏదో చిన్న విషయం, కుళాయి కారుతోందనో ఏదో. తిరిగి వచ్చేసరికి మనుషులు రెండు కుర్చీలనూ గోడవారకు చేర్చేశారు, పక్కపక్కన, కవలపిల్లల్లా. ఈ రోజు పొద్దున, గీతలు మళ్ళీ గీయలేదని మరిచిపోయి, "గుర్తు ఉన్నది లోపల పెట్టండి, రెండోది వ్యానెక్కించండి" అని గట్టిగా కేక వేసింది. వాళ్ళు తిరగేసి చూసే ఉంటారు, ఏ గుర్తూ కనబడి ఉండదు, ఆమెను రెండోసారి అడగడానికి భయపడి ఏదో ఒకటి పెట్టేసి ఉంటారు. ఆమెను రెండోసారి ఎవరూ అడగరు. ఆ భయాన్ని ఇన్నేళ్ళూ కష్టపడి సంపాదించుకుంది.

గుడ్డపీలిక కొంచెం తగ్గింది. మళ్ళీ లేచింది.

ఇప్పుడు లేచి వెళ్ళి ఏం చెప్పాలి? లోపలున్నది నా మొగుడి కుర్చీయో కాదో తెలియడం లేదు బాబూ, అని చెప్పాలా? ఎవరూ ఏమీ అనరు. అదే బాధ. మళ్ళీ ఒక కుర్చీ తెచ్చి వేస్తారు. ఆ తర్వాత ఊరంతా మర్యాదగా చెప్పుకుంటారు, మేడమ్‌కి పాపం ఈ మధ్య గుర్తుండడం లేదట. పైగా లోపలిది బయటికి తెచ్చి వ్యానులోది లోపల పెట్టినా లాభమేమిటి, ఏది ఏదో తెలిస్తేగా. రెండూ దాచుకుంటానంటే కిటికీ దగ్గర ఇంక కాల్చేదేమిటి?

అందరూ గొణుగుడు అనే వడ్రంగి అటువైపుగా వెళుతుంటే పిలిచింది. వడ్రంగుల గుంపుకి ఇప్పుడు అతనే పెద్ద, మేస్త్రి దగ్గర పని నేర్చినవాడు, తల నెరిసినా పేరు మాత్రం గొణుగుడే. నకలు చేసింది అతనే.

"నువ్వు చేసిన కుర్చీని ఎలా గుర్తుపడతావు రా?"

"గుర్తుపట్టేలా చేస్తే మీరు ఊరుకునేవారా అక్కా?" అన్నాడు. "మూడుసార్లు తిప్పి పంపారు. వీపు దగ్గర గీత తేడా ఉందని ఒకసారి, వాసన కొత్తగా ఉందని ఒకసారి. వాసన సినిమాలో ఎవడు చూస్తాడక్కా అని గొణిగాను, విన్నారు కూడా."

"అడుగున కూడా గీకి నునుపు చేశావా?"

"గీకాను. మామూలుగా మనం కెమెరా చూడని వైపు వదిలేస్తాం కదా. కానీ అది మేస్త్రి కుర్చీ. ఆయన చూస్తున్నట్టే అనిపించింది, అడుగున కూడా నున్నగా పట్టాను." ఆమె ముఖం చూసి ఆగాడు. "ఏమైందక్కా?"

"ఏం లేదు. పో."

ఏం లేదు పో. మేస్త్రితోనూ ఇంతే, ఏది అడిగినా ఏం లేదు పో. సెట్లో అతను ఆమెను మేడమ్ అనేవాడు, గేటు దాటగానే ఏమోయ్ అనేవాడు, ఆ రెండు పిలుపుల మధ్య ఒక్కోసారి ఆమెకే దారి తప్పేది. ఒకసారి ఇంట్లో అన్నాల దగ్గర, "మేస్త్రీ, ఆ గోడ అరంగుళం వాలింది" అంటే అతను ముద్ద ఆపి "కట్" అన్నాడు, పిల్ల పగలబడి నవ్వింది. మొదట్లో ఆమెను సెట్టింగులామె అన్నారు, తర్వాత ఆర్ట్ డైరెక్టర్ అన్నారు, ఇప్పుడు ప్రొడక్షన్ డిజైనర్ అంటున్నారు. "నీ పేరు పొడుగయ్యేకొద్దీ నిద్ర పొట్టిదవుతోంది" అనేవాడు మేస్త్రి. ఆమె గీసేది, అతను కట్టేవాడు, షూటింగు అయ్యాక అతనే పగలగొట్టేవాడు, కోటలు, జైళ్ళు, ఆసుపత్రులు, రైలు పెట్టెలు, కట్టినంత ఒద్దికగా విప్పేవాడు, వెనక్కి తిరిగి చూసేవాడు కాదు. ఒక్కసారి మాత్రం కోర్టు సెట్టు విప్పుతూ సాక్షి నిలబడే బోను చెక్క పట్టుకుని చాలాసేపు నిలబడ్డాడు, మంచి చెక్క, తొందరలో ఎవరో అట్టకు బదులు అసలు చెక్కే వేసేశారు. అది ఇంటికి తెచ్చి కుర్చీ చేశాడు. "ఎన్నో అబద్ధపు సాక్ష్యాలు విన్న చెక్క ఇది, నీ మాటలు దీనికో లెక్కా?" అని దాంట్లో కూర్చుని ఆమెను ఏడిపించేవాడు. అతను చేసినవాటిలో వెనక ఉన్నది అదొక్కటే. అడుగున కూడా నునుపు పట్టినది అదొక్కటే.

వెనక ఉందా లేదా. వాళ్ళ పిల్లకి అదే జబ్బు. ఎవరింటికి తీసుకెళ్ళినా ముందు గోడను వేళ్ళతో తట్టి చూసేది, డొల్లగా మోగుతుందేమోనని, తర్వాత ఇంటి వెనక్కి పరుగెత్తి చూసి వచ్చి, "ఉందమ్మా, వీళ్ళకి వెనక కూడా ఉంది" అని అందరిముందూ చెప్పేది. జనం నవ్వేవాళ్ళు. ఆమె కూడా నవ్వింది. ఆ పిల్ల ఇప్పటికీ కొత్త చోటికి వెళ్తే ఎవరూ చూడకుండా గోడ తడుతుంది, ఆమె చూసింది, చూడనట్టు ఊరుకుంది.

పని నేర్పిన గురువు గోడ ముందు నిలబెట్టి చెప్పేవాడు, చూపు తగిలిన చోట మాయదు, చెయ్యి తగిలిన చోట మాస్తుంది, ఇంట్లో ఎవరున్నారో గోడనడుగు. స్విచ్చు చుట్టూ మరక, మంచం పైన తల ఆనించే చోట జిడ్డు, తలుపుకి భుజం ఎత్తున అరుగుదల. అప్పటినుంచి ఆమెకు ఏ ఇంటికి వెళ్ళినా కబుర్లు చెవికెక్కేవి కావు, గోడలే చెప్పేవి. ఒక దగ్గరి బంధువు ఇంట్లో పడకగది గడియ లోపలివైపు మూడుసార్లు ఊడి మూడుసార్లు బిగించినట్టుంది, ఆ ఇల్లాలు నవ్వుతూ టీ ఇస్తోంది, ఆమె కప్పు పట్టుకుని గడియనే చూసింది, ఏమీ అడగలేదు. ఆ గడియను మాత్రం తర్వాత ఒక సినిమాలో పెట్టింది. ఎంత సహజంగా ఉందని మెచ్చుకున్నారు. ఆ ఇల్లాలు సినిమా చూసిందో లేదో. చూసి ఉంటే.

మేస్త్రి పోయాక ఒక మధ్యాహ్నం ఆమె తన ఇంటినే అలా చూసింది. చూడకూడదనుకుంటూనే చూసింది, ఇది ఒక సెట్టయితే ఇందులో ఎవరున్నారని చెప్పాలి అని. కుర్చీ వెనక గోడమీద అతని తల ఆనిన మరక, అరచేయంత. వంటగది గుమ్మానికి అతని భుజం. మెట్ల పక్కన పిల్ల చేతులు, చిన్నప్పటివి కింద, పెద్దయ్యాకవి పైన. ఆమెది ఎక్కడా లేదు. గది గదికీ తిరిగింది, అద్దం దగ్గర చూసింది, మంచం పక్కన చూసింది. ఆ ఇంట్లో ఇద్దరు కాపురం చేశారని చెప్పాలి, ఒక మగమనిషి, ఒక ఆడపిల్ల. ఆమె తన చేతి మాపునంతా పరాయి గోడలకు పూసి వచ్చింది, అవన్నీ విప్పేశారు. ఆ రోజు ఆమె ఆ కుర్చీ పక్కన నేలమీద కూర్చుంది, కుర్చీలో కాదు, పక్కన. ఎందుకో అందులో కూర్చోవాలంటే భయం వేసింది, అతనిది కాని బరువుకి అది ఏమంటుందోనని.

అది అనేది. అదే కదా దాని గుణం.

ఆమె నిటారుగా లేచి కూర్చుంది. కుర్చీ కిర్రుమనేది. కుడి వెనక కాలు కలిసే చోట చిన్న వదులు, మేస్త్రి బిగిస్తాను బిగిస్తాను అంటూనే బిగించలేదు, ఊరి కుర్చీలన్నీ బాగుచేసేవాడికి ఇంటిదానికి తీరిక ఉండదు. రోజూ సాయంత్రం అతను వచ్చి కూర్చోగానే ఒక కిర్రు, బరువు ఎడమవైపు మార్చుకోగానే ఇంకోటి. ఆమె గీసుకుంటున్న కాగితం మీంచి తల ఎత్తేది కాదు, ఆ చప్పుడు వింటే చాలు, మనిషి ఇంటికి వచ్చాడు, గొళ్ళెం పెట్టుకోవచ్చు. తల ఎత్తి ఉండాల్సింది. ఇప్పుడు అతని ముఖం తలుచుకుంటే పనిచోటు ఫోటోల్లోని ముఖమే వస్తుంది, చెవిమీద పెన్సిలుతో, కుర్చీలో కూర్చున్న ముఖం రాదు, చప్పుడే వస్తుంది. ఆ చప్పుడుని కూడా ఆమే ఆపేసింది. మొదటి రోజు షూటింగులోనే సౌండ్ ఇంజనీరు చెవులమీది మూతలు తీసి "మేడమ్, కుర్చీ డైలాగు చెబుతోంది" అన్నాడు, అందరూ నవ్వారు, ఆమె కొవ్వొత్తి వెలిగించి మైనం బొట్లు బొట్లుగా ఆ సందులోకి దింపింది, వేలితో అదిమి, బొగ్గుపొడి రుద్దింది. పద్ధతి ప్రకారం నకలుకీ అదే చేసింది. నకలు ముందునుంచీ పలికేది కాదు, ఇప్పుడు అసలుదీ నోరు మూసుకుంది. క్షణమైనా ఆలోచించలేదు. ఒక చప్పుడు అడ్డం వస్తోంది, తీసేసింది, సెట్ ఓకే.

కానీ మైనం కదా. జిగురు కాదు, మైనం. వేడి తగిలితే కరుగుతుంది.

టీ కాచేచోట పెద్ద పాత్రలో నీళ్ళు మరుగుతున్నాయి. ఆమె లేవగానే ఎవరో "ఏం కావాలి మేడమ్, కూర్చోండి, మేం తెస్తాం" అన్నారు. "వేడినీళ్ళు" అంది, ఫ్లాస్కు తనే పట్టింది. టీ ఆయన "మాత్రలు వేసుకుంటారా అమ్మా" అని జాలిగా అడిగాడు. "ఆఁ" అంది. నిజం ఎంత విడమరిచి చెప్పినా ఇక్కడ ఎవరికీ అర్థం కాదు. సామాన్ల వ్యాను ఇంటికి పక్కగా ఉంది, వెనక తలుపు తెరిచే ఉంది, పైన కప్పిన పట్టా గాలికి టపటపా కొట్టుకుంటోంది. దుప్పటి కింద కుర్చీ. తీసి చూసింది. ఎంత బాగా చేశారో, ఎవరు చేశారో. వీపు మీద గీత, చేతిమీద కప్పు పెట్టిన గుండ్రటి మచ్చ. ఈ మచ్చ మేస్త్రి కప్పుదా, ఆమె బ్రష్షుదా? ముక్కు ఆనించింది. పాతగా కనబడాలని పూసిన టీ నీళ్ళు, మైనం, దుమ్ము. తన చేతి పనితనం మీద ఆమెకు మొదటిసారి అసహ్యం వేసింది.

కుర్చీని పక్కకి ఒరిగించి కుడి వెనక కాలి సందులో నీళ్ళు పోసింది. సగం ఫ్లాస్కు పోసి, ఆగి, ఇంకొంచెం పోసింది. మైనం తెల్లగా తేలి, నల్లగా జారి, వ్యాను నేలమీద గడ్డకట్టింది. మిగతా నీళ్ళు దాచుకుంది. కుర్చీ నిలబెట్టి, కూర్చుంది. మేస్త్రి పోయాక అందులో కూర్చోవడం ఇదే మొదలు, ఇది అదే అయితే. పట్టా చప్పుడులో ఏమీ వినబడలేదు. కుడివైపు ఒరిగింది. ఎడమవైపు ఒరిగింది. ఊపిరి బిగబట్టింది. ఆగవే, కాసేపు ఆగవే, అని పట్టాను బతిమాలుకుంది.

అది ఆగింది.

గాలి పడిపోయింది. ఎక్కడా చడీచప్పుడు లేదు, మనుషులు కూడా మాటలు ఆపేశారు, వ్యాను తలుపులోంచి గుడ్డపీలిక కర్రకి అంటుకుని వేలాడుతూ కనబడింది, దాని వెనక ఇంటి గోడలమీద ఆఖరి వెలుతురు, ఆమె రంగులు కలిపినప్పుడు తలుచుకున్న వెలుతురు అచ్చం అదే. ఆ నిశ్శబ్దంలో ఆమె బరువంతా ఎడమవైపు మార్చింది. కుర్చీ పలకలేదు. మళ్ళీ కుడివైపు. గట్టి కుర్చీ, బుద్ధిమంతురాలైన కుర్చీ, చెప్పినట్టు వినే కుర్చీ. ఏ చప్పుడూ లేదు.

ఒడిలో వాకీటాకీ గరగరలాడింది. "మేడమ్, గాలి ఆగింది, కెమెరాలు సిద్ధం. సెట్ ఓకేనా?"

నోటిదాకా వచ్చేసింది. మాట అలవాటుగా లేచి నాలుక చివర నిలబడింది, అనేస్తే అయిపోతుంది, ఇంకో పది క్షణాల్లో మంట, షాటు బ్రహ్మాండంగా వస్తుంది, అందరూ చప్పట్లు కొడతారు, మళ్ళీ కూర్చోండి అంటారు. నీళ్ళ వేడి చాలలేదేమో. మైనం ఇంకా లోపల ఉందేమో. ఇదే అసలుదేమో. అలా అనుకోవడానికి ఎంత వీలుగా ఉందో, ఆ వీలు చూసే ఆమెకు భయం వేసింది.

"మేడమ్? సెట్ ఓకేనా?"

"కాదు" అంది.

గరగర. "అర్థం కాలేదు మేడమ్."

"సెట్ ఓకే కాదు. ఎవరూ ఏమీ ముట్టించకండి. నేను లోపలికి వెళ్తున్నాను."

ఫ్లాస్కు చంకన పెట్టుకుని కుర్చీని భుజానికెత్తుకుంది. బరువే, కానీ ఎత్తుకుంది. అందరూ నోళ్ళు తెరుచుకుని చూస్తున్నారు, కెమెరామన్ వేళ్ళు గాలిలోనే ఉన్నాయి, మిగిలింది ఒక్క వేలు. దర్శకుడు పరుగెత్తుకొచ్చాడు. "మేడమ్, వెలుగు పోతోంది, ఏం తేడా వచ్చిందో చెప్పండి, మనవాళ్ళు..." "నా కుర్చీ లోపల ఉంది బాబూ" అంది. ఆగకుండా నడుస్తూనే అంది. గొణుగుడు మాత్రం ఏమీ అడగకుండా వచ్చి కుర్చీకి రెండో పక్క పట్టుకున్నాడు. తలుపు దగ్గర ఫైర్ ఆఫీసరు అడ్డం నిలబడ్డాడు. "లోపలంతా కిరసనాయిలమ్మా, చనిపోతారు." "తెలుసు, తడపమన్నది నేనే." అతను ఆమెను చూశాడు, నిప్పురవ్వ పుడుతుందేమోనని వాకీటాకీ లాక్కున్నాడు, ఫోను తీసుకున్నాడు, ఫ్లాస్కు మూత తీసి వాసన చూసి ఇచ్చేశాడు, తాడు విప్పాడు.

లోపల వాసనకి కళ్ళు మండాయి. కిటికీలోంచి పడమటి వెలుతురు నేలమీద పొడుగ్గా పడి ఉంది. గొణుగుడిని ఆ కుర్చీతో తలుపు దగ్గరే ఆగమంది. కిటికీ పక్కనున్న కుర్చీని ఒరిగించి, మిగిలిన నీళ్ళన్నీ ఆ కాలి సందులో పోసింది. మైనం బయటికి వస్తూనే ఉంది, అనుకున్నదానికంటే ఎక్కువ వచ్చింది, లోపలికి అంత దిగిందన్నమాట. కుర్చీ నిలబెట్టింది. వీపు తిప్పి, చేతులమీద చేతులు ఆనించి, నెమ్మదిగా కూర్చుంది.

కిర్రు.

ఆమె కదల్లేదు. తర్వాత అతను కూర్చునే తీరులో బరువు ఎడమవైపు మార్చింది. ఇంకో కిర్రు, కాస్త పొడుగ్గా, విసుగ్గా, ఇంత ఆలస్యమా అన్నట్టు. తలుపు దగ్గర గొణుగుడు ముఖం పక్కకి తిప్పుకున్నాడు. బయట ఎవరో అరుస్తున్నారు, వెలుగు పోయింది, వెలుగు పోయింది అని. మళ్ళీ గాలి లేచింది, వ్యాను పట్టా టపటపలు ఇక్కడికే వినబడుతున్నాయి, ఈ రోజుకి షాటు లేదు, రేపటికి ఆమె ఈ పనిలో ఉంటుందో లేదో కూడా తెలియదు. లేవాలి. ఈ కుర్చీ బయట పెట్టాలి, ఆ కుర్చీ ఇక్కడ పెట్టాలి, దుమ్ము చల్లాలి, వెళ్ళి అందరికీ సమాధానం చెప్పాలి. ఆమె అతనిలాగే తల వెనక్కి వాల్చి, తనే రంగు వేసిన గోడకు ఆనించింది.